రైలు బొమ్మ గీసే ముందు

చిరంజీవి అమ్ములుకి,

పెదనాన్న ఆశీస్సులు. కంచరపాలెం పిల్లల కోసం రైలు పట్టాల జాగ్రత్తల మీద యానిమేషన్ తీస్తున్నావని మీ నాన్న చెప్పాడు. చాలా సంతోషమమ్మా. ముప్పై ఏళ్లు ఇంజిన్ నడిపినవాణ్ణి కదా, నాకు తోచింది రాస్తున్నాను.

కార్టూన్లలో బండి కింద పడ్డవాడు అప్పడంలా చదునై మళ్లీ లేచి పరిగెడతాడు. నీ సినిమాలో అలాంటిది ఒక్కటీ వద్దు. అలాగని రక్తం గీయకు, పిల్లలు కళ్లు మూసేసుకుంటారు.

మా ఇంజిన్ క్యాబిన్‌లోంచి చూపించు. గంటకు 110 కిలోమీటర్లంటే సెకనుకు సుమారు 30 మీటర్లు, ఒక బోగీ పొడవు కంటే ఎక్కువ. సెకనుకు 12 బొమ్మలు గీస్తే, బొమ్మ బొమ్మకీ బండి రెండున్నర మీటర్లు జరగాలి. అందం కోసం నెమ్మదిగా నడిపావంటే "ఇంకా దూరంగానే ఉందిలే" అన్న భ్రమను నువ్వే నేర్పినట్టవుతుంది. పట్టాల మీద మనిషి కనబడితే మేం హారన్ కొట్టి, ఎమర్జెన్సీ బ్రేకు వేస్తాం. అంతే, పక్కకు తిప్పడానికి స్టీరింగ్ ఉండదు. బండి ఆగేసరికి వందల మీటర్లు దాటిపోతుంది.

ఒక బండి వెళ్లగానే దాటబోతే రెండో లైన్లో ఇంకోటి రావడం కూడా గీయి. ఆగి ఉన్న గూడ్స్ వ్యాగన్ ఎక్కి సెల్ఫీ తీసుకోవడం మరీ ప్రమాదం. పైన తీగలో 25,000 వోల్టులు. ముట్టుకోనక్కర్లేదు, దగ్గరికెళ్తే చాలు కరెంటు దూకి షాక్ కొడుతుంది. సంక్రాంతి గాలిపటం ఆ తీగకు చిక్కితే వదిలేయాలని కూడా చెప్పు.

రాళ్ల సంగతి జాగ్రత్తగా గీయాలి తల్లీ. 2023 జనవరిలో వందేభారత్ ప్రారంభం కాకముందే మన కంచరపాలెం దగ్గర రాళ్లేస్తే అద్దాలు పగిలాయి. ఒక రాత్రి నా ఇంజిన్ అద్దం పగిలి, నా అసిస్టెంటుకి కంటికి కాస్త పైన తగిలింది. ఆ కుర్రాడు కణత పట్టుకుని కూర్చున్న తీరు నాకింకా గుర్తుంది. విసిరే చెయ్యిని మాత్రం గీయకు, మర్నాడు అదే ఆటవుతుంది. బోగీ లోపల కూర్చుని పులిహోర తింటున్న పాప దగ్గర మొదలుపెట్టు. డబ్బాలో గాజుముక్కలు చూపించు. రైలు మీద రాళ్లేస్తే యావజ్జీవం దాకా శిక్ష పడొచ్చన్నది పెద్దవాళ్లకు విడిగా చెప్పవచ్చు.

గీసిన ముక్కను ముందు శబ్దం లేకుండా పిల్లలకు చూపించు. నవ్వకూడనిచోట నవ్వితే అక్కడ మళ్లీ గీయి. హారన్ శబ్దం నెట్‌లోది పెట్టొద్దు. ఆదివారం రా, సింహాచలం స్టేషన్ ప్లాట్‌ఫాం మీద నిలబడి రికార్డు చేద్దాం.

మీ పెదనాన్న