ఎఫ్‌డీ తీయక్కర్లేదు, ముందు ఆ ఫ్యాన్సీ షాపులకు వెళ్లండి

ప్రశ్న: మాది తెనాలి. నా వయసు 38. మావారిది ప్రైవేటు ఉద్యోగం, నెలకు 32 వేలు చేతికొస్తాయి. పెద్దమ్మాయి ఇంటర్ రెండో సంవత్సరం, చిన్నమ్మాయి ఎనిమిదో తరగతి. పిల్లల కోసమని మొదలుపెట్టిన స్క్రంచీలు (జుట్టుకు పెట్టుకునే గుడ్డ రబ్బరుబ్యాండ్లు), క్లిప్పులు, హెయిర్ బ్యాండ్లు మూడేళ్లుగా ఇంట్లోనే చేసి అమ్ముతున్నాను. నెలకు 12 వేల దాకా అమ్మకం ఉంటుంది, సగం మిగులుతుందని అనుకుంటున్నాను. స్క్రంచీ నేరుగా అయితే 25కి, షాపులకు 15కి ఇస్తాను. రెండు ఫ్యాన్సీ షాపుల నుంచి 14 వేలు రావాలి. ఆర్టిఫిషియల్ పూలజడలు ఐదు చేసి పెట్టాను, ఒక్కోటి 500కి అద్దెకిస్తాను. మొన్న మాఘమాసంలో 14 సార్లు వెళ్లాయి. నా పేరున నాన్న వేసిన 2 లక్షల ఎఫ్‌డీ ఉంది. అది తీసి చిన్న షాపు పెట్టమంటారా? అద్దె 6 వేలు, అడ్వాన్సు 50 వేలు అంటున్నారు. లేదంటే ఒక సంస్థవాళ్లు 45 వేలు కడితే మెషిన్, ముడిసరుకు ఇచ్చి, తయారుచేసినవన్నీ తామే కొంటామంటున్నారు. అందులో చేరనా?

జవాబు: రెండూ వద్దు. ముందు ఈ మాట చెప్పేస్తే మిగతాది తీరిగ్గా మాట్లాడుకోవచ్చు.

మీరు ఖర్చులన్నీ చక్కగా రాసి పంపారు, కానీ ఒక్కటి రాయలేదు. ఒక స్క్రంచీకి ఎంతసేపు పడుతుంది? అందుకే నేనే కూర్చుని లెక్క వేశాను. 44 అంగుళాల పన్నా ఉన్న శాటిన్ మీటరు తీసుకుంటే, 22 అంగుళాల పొడవు, 4 అంగుళాల వెడల్పున కోస్తే 18 ముక్కలు వస్తాయి. మీరు చెప్పిన 80 రూపాయల ధరకి ముక్క నాలుగున్నర. ఎలాస్టిక్, దారం, కవరు, అట్ట అన్నీ కలిపితే ఒక్కోటి 8 రూపాయలు పడుతుంది. ఇక పని. కోయాలి, గొట్టంలా కుట్టాలి, తిరగేయాలి, పిన్నీసుకి ఎలాస్టిక్ గుచ్చి లోపల దూర్చాలి, ఆ పిన్నీసు మధ్యలో ఊడితే మళ్లీ మొదటినుంచి దూర్చాలి, చివర మూసి కుట్టాలి. చెయ్యి తిరిగినవాళ్లకైనా పది నిమిషాలు. అంటే గంటకు ఆరు. షాపుకు ఇస్తే ఒక్కోదాని మీద 7 రూపాయలు, గంటకు 42. అది కూడా షాపువాళ్లు డబ్బులు ఇస్తేనే.

మీ ఉత్తరంలో ఇంకో మాట రాశారు, హైదరాబాద్ బేగంబజార్ హోల్‌సేల్‌లో రెడీమేడ్ స్క్రంచీలు డజను 70కే దొరుకుతున్నాయని. దాన్ని ఫిర్యాదులా రాశారు కానీ నాకు అసలు విషయం అక్కడే కనిపించింది. డజను 70 అంటే ఒక్కోటి 6 రూపాయల లోపే. మీకు ముడిసరుకే 8 అవుతోంది. ఈ పోటీలో మీరు రాత్రింబవళ్లు కుట్టినా గెలవలేరు, పెట్టుబడి పెంచితే ఇంకా వేగంగా ఓడిపోతారు. డజన్లలో దొరికే వస్తువుని ఇంట్లో కూర్చుని చేయకండి. పిల్లలకు కావాలంటే సరే.

ఇప్పుడు పూలజడల సంగతి. ముడిసరుకుకి 900, పనికి రెండు రోజులు అని రాశారు. రెండుసార్లు అద్దెకు వెళితే ముడిసరుకు ఖర్చు వచ్చేసినట్టే. మాఘంలో 14 అద్దెల మీద 7 వేలు వచ్చాయి. కట్టిరావడం, తిరిగొచ్చాక కొబ్బరినూనె మరకలు తుడవడం, ఊడిన ముత్యాలు అంటించడం అన్నీ కలిపి ఒక్కోదానికి గంటన్నర వేసుకున్నా మొత్తం 21 గంటలు. గంటకు 330 రూపాయల పైన. అటు 42, ఇటు 330. చేసే మనిషి ఒకరే, చేతులు అవే.

ఎందుకింత తేడా? అసలు పూలతో జడ వేయించాలంటే మాఘంలో మల్లెలు ఏ ధర పలుకుతాయో పెళ్లి చేసినవాళ్లకు తెలుసు. అవి ముహూర్తం దాకా వాడిపోకుండా ఉండాలి, కట్టే మనిషి టైముకి రావాలి. మీ జడ ఆ టెన్షన్ లేకుండా చేస్తోంది. ఆ టెన్షన్ తీసినందుకే డబ్బులిస్తున్నారు. స్క్రంచీ ఎవరి టెన్షనూ తీయదు.

దీనికి తోడు మ్యాచింగ్ పని పెట్టుకోండి. మనవాళ్లకి మ్యాచింగ్ పిచ్చి ఎంతో మీకు నేను చెప్పాలా! జాకెట్టు కుట్టగా మిగిలిన ముక్క కస్టమర్ నుంచే తీసుకుని, దాంతో ఒక స్క్రంచీ, రెండు క్లిప్పులు, ఒక బ్యాండ్ చేసి సెట్టు 150 చెప్పండి. బట్ట ఖర్చు లేదు కాబట్టి మిగతా సరుకు 30కి మించదు. 50 నిమిషాలకు 120 మిగులుతుంది. ఆ చీర రంగు ఏ హోల్‌సేల్ షాపులోనూ డజన్లలో ఉండదు. మీ వీధిలో లేడీస్ టైలర్లు ఇద్దరితో మాట్లాడి, సెట్టుకి 20 రూపాయలు వాళ్లకిస్తానంటే వాళ్లే ఆర్డర్లు పంపుతారు.

షాపు మాటకొద్దాం. అద్దె 6 వేలు అంటే, నేరుగా అమ్మే స్క్రంచీ మీద మిగిలే 17 రూపాయల లెక్కన, కేవలం అద్దెకోసం నెలకు 353 స్క్రంచీలు అమ్మాలి. దాదాపు 59 గంటల కుట్టుపని ఇంటి ఓనరుకి. కరెంటు బిల్లు వేరే. పైగా ఆషాఢంలో, పుష్యంలో పెళ్లిళ్లు ఉండవు, అద్దె మాత్రం ఉంటుంది. జడలు అద్దెకు తీసుకునేవాళ్లు ఎలాగూ ఫోన్ చేసే వస్తారు. మీ హాల్లో గోడకి నాలుగు జడలు వేలాడదీస్తే చాలు.

45 వేల సంస్థ గురించి నాకు అనుమానం కాదు, భయం. బీడీలు చుట్టే ఇళ్లకు ఆకు, తంబాకు ఇచ్చేది పని ఇచ్చేవాళ్లే, కూలీ కూడా వాళ్లే ఇస్తారు. చుట్టే మనిషి దగ్గర ఎదురు డబ్బు కట్టించుకోరు. పని ఇస్తామనేవాళ్లు మన దగ్గరే డబ్బులు అడిగితే, వాళ్ల వ్యాపారం క్లిప్పులు కాదు, మన డిపాజిట్లే. నా దగ్గరకు వచ్చిన ఒకావిడ ఇలాగే 30 వేలు కట్టి, రెండు నెలలు కష్టపడి పెట్టెలు నింపి పంపితే, క్వాలిటీ లేదని అన్నీ వెనక్కి వచ్చాయి. అగ్రిమెంటు మూడో పేజీలో చిన్న అక్షరాల్లో ‘నాణ్యత నచ్చితేనే’ అని ఉంది. ఇప్పటికే ఆన్‌లైన్‌లో అడ్వాన్సు ఏమైనా పంపి ఉంటే వెంటనే సైబర్ మోసాల హెల్ప్‌లైన్ 1930కి ఫోన్ చేయండి.

మరి పెట్టుబడి ఎక్కడిది అంటారేమో. మీకు పెట్టుబడి ఉంది, కాకపోతే ఎఫ్‌డీలో కాదు, ఆ రెండు ఫ్యాన్సీ షాపుల్లో వేలాడుతోంది. పదిహేను రూపాయల వస్తువులు 14 వేల విలువైనవి ఇచ్చారంటే 900 పైగా. అందులో ఎన్ని అమ్ముడయ్యాయో, ఎన్ని మూల పడి ఉన్నాయో మీరు చూడలేదు కదూ. ఈ ఆదివారం వెళ్లండి. అమ్మినవాటికి డబ్బు, మిగిలినవి వెనక్కి. ఎలాస్టిక్‌ది కూడా ఆయుష్షే, అద్దాల బీరువాలో ఎండ తగులుతూ ఉంటే సాగే గుణం పోతుంది. పూర్తిగా రాకపోయినా 9 వేలు వస్తే కొత్తగా పది జడలకు ముడిసరుకు వచ్చేసింది. పది ఒకేసారి చేయకండి. ఆషాఢంలో ఖాళీ ఉన్నప్పుడు నాలుగు చేసి శ్రావణంలో ఎలా పోతున్నాయో చూసి, మిగతావి తర్వాత. పిల్లల సైజు రెండైనా ఉండాలి, జనవరి, ఫిబ్రవరిలో స్కూలు వార్షికోత్సవాలకి, కూచిపూడి పిల్లలకి అడుగుతారు. మీ దగ్గర్లో డాన్స్ నేర్పే టీచర్‌ని ఒకసారి కలిసి రండి. అద్దెకిచ్చేటప్పుడు 500 డిపాజిట్ తీసుకోండి. మీరు మొహమాటపడతారని ఉత్తరం చదివితేనే తెలుస్తోంది, అందుకే ముందుగానే ఒక కాగితం మీద రాసి జడల పక్కన అంటించండి.

సరుకు ఎక్కువ కొంటే చౌక అనే ఆశ గురించి ఒక మాట. ఈ వృత్తిలోకి వచ్చిన కొత్తల్లో నేనే ఒకావిడకు, గ్రోసు లెక్కన కొనండి రేటు కలిసొస్తుందని సలహా ఇచ్చాను. ఆవిడ రాళ్ల క్లిప్పులు 12 డజన్లు గ్లూ గన్‌తో చేసి పెట్టుకుంది. మే నెల రేకుల గదిలో జిగురు మెత్తబడి రాళ్లు జారిపోయాయి, ఇనప క్లిప్పులు వానాకాలానికి తుప్పు పట్టాయి. రేటు కలిసొచ్చింది, సరుకు కలిసిరాలేదు. అప్పటినుంచి ఆరు వారాల్లో అమ్మగలిగినంతే కొనమంటున్నాను.

ఎఫ్‌డీ ముట్టుకోవద్దని ఎందుకంటున్నానంటే, మీ ఇంట్లో అదొక్కటే తక్షణం చేతికొచ్చే డబ్బు. వచ్చే ఏడు పెద్దమ్మాయి కాలేజీ ఫీజు ఉంటుంది. గడువుకి ముందు తీస్తే వడ్డీ కూడా కొంత కోస్తారు. నిజంగా అవసరం పడితే ఎఫ్‌డీ మీదే అప్పు తీసుకోవచ్చు, మామూలుగా దాని వడ్డీ కన్నా ఒకటి రెండు శాతం ఎక్కువ పడుతుంది, డిపాజిట్ అలాగే ఉంటుంది. చిన్న వ్యాపారాలకిచ్చే ముద్ర రుణాల్లో శిశు కింద 50 వేల వరకు తాకట్టు లేకుండా ఇస్తారు కానీ, ఇప్పుడు మీకు ఆ అవసరం కూడా లేదు. ఏడాది లెక్కలు చేతిలో ఉన్నాక ఆలోచిద్దాం. చిన్న వ్యాపారాల ప్రభుత్వ నమోదు, ఉద్యం రిజిస్ట్రేషన్ మాత్రం చేసుకోండి, పూర్తిగా ఉచితం. డబ్బు అడిగినవాడు దళారీ.

పన్నుల భయం పెట్టుకోకండి. ఏడాదికి లక్షన్నర అమ్మకం మీద మీకు ఆదాయపు పన్ను పడదు. వస్తువులు అమ్మేవాళ్లకు ఆంధ్రప్రదేశ్‌లో 40 లక్షల టర్నోవర్ దాకా జీఎస్టీ రిజిస్ట్రేషన్ అక్కర్లేదు. ఒక మెలిక ఉంది. హైదరాబాద్‌లో, బెంగళూరులో ఉన్నవాళ్లకి కొరియర్ చేస్తున్నానన్నారు. వేరే రాష్ట్రానికి సరుకు అమ్మితే ఈ 40 లక్షల మినహాయింపు వర్తించదు. చేతివృత్తుల వస్తువుల్లో కొన్నింటికి సడలింపు ఉంది, మీవి అందులోకి వస్తాయో లేదో ఒక ఆడిటర్‌కి చూపించి తెలుసుకోండి. అప్పటిదాకా ఆ ఆర్డర్లు ఆపండి.

విడిగా ఒక సేవింగ్స్ ఖాతా తెరిచి, వ్యాపారం డబ్బంతా ఆ క్యూఆర్ కోడ్‌లోకే రానివ్వండి. ఇప్పుడు కూరగాయలూ శాటినూ ఒకే ఫోన్‌పే నుంచి వెళుతున్నాయి, అందుకే ‘సగం మిగులుతుందని అనుకుంటున్నాను’ అన్నారు. నోట్‌బుక్కులో సరుకు ఖర్చు పక్కన గంటలు కూడా రాయండి. మూడు నెలల తర్వాత గంటకు 60 రూపాయలు కూడా ఇవ్వని పని ఏదైనా ఉంటే మానేయండి.

మీరు అడగలేదు గానీ, ఇంటికి ఒకే జీతం అయినప్పుడు మీవారికి టర్మ్ ఇన్సూరెన్స్ ఉందా అన్నది నాకు స్క్రంచీల కన్నా ముఖ్యం. ఉత్తరంలో దాని ఊసే లేదు. అది తీసుకునేలోగా ఆయన బ్యాంకు ఖాతా ద్వారా ఏడాదికి 436 రూపాయల ప్రధానమంత్రి జీవన్ జ్యోతి, 20 రూపాయల సురక్ష బీమా రెండూ చేయించండి. ఆయనకేమైనా అయితే జీవన్ జ్యోతి కింద 2 లక్షలు, ప్రమాదానికైతే సురక్ష కింద ఇంకో 2 లక్షలు.

ఆ సంస్థవాళ్లు మళ్లీ ఫోన్ చేస్తే పోట్లాడకండి. ‘నా దగ్గర తయారైనవి నాలుగు డజన్లు ఉన్నాయి, ముందు అవి కొనండి, ఆ డబ్బుతో చేరతాను’ అనండి చాలు.