డాక్యుమెంటరీలో కనిపించే అమ్మాయి జర్నలిజం చదువుతానంటోంది

ప్రశ్న: మాది గుంటూరు, ఉంటున్నది న్యూజెర్సీలో. 9/11 తర్వాత పెరిగిన ముస్లిం పిల్లల మీద తీస్తున్న డాక్యుమెంటరీ కోసం మా అమ్మాయిని (17) ఏడాదిగా షూట్ చేస్తున్నారు. రిలీజ్ ఫారాల (సినిమాలో చూపించడానికి మా అనుమతి పత్రాలు) మీద ఇంకా సంతకాలు కాలేదు. తనేమో కంప్యూటర్ సైన్స్ వద్దు, జర్నలిజం అంటోంది. హిజాబ్ వేసుకుంటుంది. పేరు కొట్టగానే ఈ సినిమానే వస్తే రేపు ఉద్యోగం ఎవరిస్తారని మా వారికి టెన్షన్. కాలేజీ ఎస్సే జతచేశాను. అన్నట్టు, ఆ సినిమాలో వాళ్ల తాతగారి మాటలకు సబ్‌టైటిల్స్ తనే రాసిచ్చింది.

జవాబు: అమ్మా, ముందు ఎస్సే సంగతి. కామన్ యాప్‌లో (అమెరికా కాలేజీల ఉమ్మడి దరఖాస్తు) ఇచ్చేదే 650 పదాలు. అందులో సగానికి పైగా 2001 సెప్టెంబర్ 11 దాడులకే పోయాయి. అప్పటికి తను పుట్టనే లేదు! అసలు విషయం మీ ఉత్తరం చివర్లో ఉంది. జెర్సీ సిటీలో కొట్టు నడిపిన తాతగారు కెమెరా ముందు గుంటూరు తెలుగూ ఉర్దూ కలిపి మాట్లాడితే, సబ్‌టైటిల్స్ తనే రాసిచ్చిందన్నారు. "ఆ వారమంతా షట్టర్ సగమే ఎత్తాను" అన్న మాటను ఇంగ్లిష్‌లో ఎలా పెట్టాలో రెండు రోజులు తేలలేదట. ఆ రెండు రోజుల గురించే రాయమనండి. సినిమాలో కనిపించడం అర్హత కాదు, అక్కడ చేసిన పని అర్హత.

జర్నలిజం అంటే తన కథ చెప్పుకోవడమే అనుకుంటోందేమో కనుక్కోండి. న్యూయార్క్ పోలీసులు మసీదుల మీద, ముస్లిం విద్యార్థి సంఘాల మీద నిఘా పెట్టారని అసోసియేటెడ్ ప్రెస్ వార్తాసంస్థ విలేఖరులు 2011లో బయటపెట్టారు, 2012లో పులిట్జర్ జర్నలిజం అవార్డు అందుకున్నారు. మీ న్యూజెర్సీ రాష్ట్ర యూనివర్సిటీ రట్గర్స్ విద్యార్థులూ ఆ నిఘాలో ఉన్నారు. పోలీసుల కాగితాలే సంపాదించి రాసిన కథనాలవి. అవి చదివాక కూడా ఆ పని మీద మనసుంటే ఆపకండి. రట్గర్స్‌లో జర్నలిజమూ ఉంది, కంప్యూటర్ సైన్సూ ఉంది, న్యూజెర్సీ వాళ్లకు ఫీజూ తక్కువ. రెండో దాంట్లో కొన్ని కోర్సులు చేసినా మీ వారికి కాస్త ధైర్యం.

ఆయన భయం ఉత్తదే అనను. 15 మంది, అంతకంటే ఎక్కువ ఉద్యోగులున్న సంస్థ మతం కారణంగా ఉద్యోగం నిరాకరించకూడదని 1964 పౌరహక్కుల చట్టం చెబుతోంది. 2008లో ఓక్లహోమాలో సమంతా ఎలాఫ్ అనే 17 ఏళ్ల అమ్మాయికి తలగుడ్డ కారణంగా అబర్‌క్రాంబీ బట్టల షాపులో ఉద్యోగం రాలేదు. సుప్రీంకోర్టు 2015లో 8-1తో ఆమె పక్షాన తీర్పిచ్చింది. గెలిచింది నిజమే, ఏడేళ్లు పట్టిందన్నదీ నిజమే.

ఇక ఫారం. తను మైనర్ కాబట్టి సంతకం మీది. ఇంటిపేరు, స్కూలు పేరు తెర మీద వేయబోమని సంతకానికి ముందే రాయించుకోండి, తర్వాత అడిగితే వినరు. తాతగారికీ ఒక ఫారం ఇచ్చి ఉంటారు. అందులో ప్రతి లైనూ ఆయనకు తెలుగులో చెప్పే పని అమ్మాయికే అప్పజెప్పండి.