నల్లగొండ మెజారిటీ, ఢిల్లీ మెజారిటీ

సందేహం: గురువుగారికి నమస్కారాలు. నేను విశ్రాంత ఉపాధ్యాయుణ్ని. మాది మహబూబ్‌నగర్ జిల్లా. 2024 లోక్‌సభ ఎన్నికల ఫలితాల మీద మా మనవరాలు కాలేజీ పత్రికకు ఒక వ్యాసం రాసి, దిద్దమని నాకిచ్చింది. ఒక పేరాలో ‘నల్లగొండలో కాంగ్రెస్ అభ్యర్థి 5,59,905 ఓట్ల మెజారిటీతో గెలిచారు’ అని ఉంది. ఆ కింది పేరాలోనే ‘కేంద్రంలో ఏ పార్టీకీ మెజారిటీ రాలేదు’ అని ఉంది. మెజారిటీ అంటే సగానికి మించి రావడం కదా! ఓట్ల తేడాను మెజారిటీ అనకూడదని మొదటిదాన్ని కొట్టేసి ‘ఆధిక్యత’ అని దిద్దాను. పత్రికలన్నీ అలాగే రాస్తున్నాయి తాతయ్యా అంటూ తను ఒప్పుకోవడం లేదు. పైగా ‘ఆధిక్యత’ తప్పు, ‘ఆధిక్యం’ అనాలి అని వాళ్ల తెలుగు మేడమ్ చెప్పారట. ఎవరి మాట ఒప్పు? ‘మెజార్టీ’ అని రాయవచ్చా?

సమాధానం: మాస్టారూ, మనవరాలి వాక్యాలు రెండూ ఉన్నవి ఉన్నట్టు ఉంచేయండి. ‘ఆధిక్యత’ విషయంలో మేడమ్‌గారి పక్షమే నాదీను. కాబట్టి ఈ పోటీలో మీకు బోణీ కాలేదు. అయితే మీ అనుమానం వెనక ఆలోచించదగ్గ సంగతి చాలా ఉంది.

ముందుగా ‘మెజారిటీ అంటే సగానికి మించి’ అన్న నియమం. అది సభకు వర్తించే అర్థం. లోక్‌సభలో స్థానాలు 543, కావలసినవి 272. బీజేపీకి వచ్చినవి 240, అందుకని ఆ పార్టీకి సొంతంగా మెజారిటీ రాలేదు. మిత్రులతో కలిసి ఎన్డీఏకు 293 వచ్చాయి, కూటమికి మెజారిటీ ఉంది. ఇక్కడ చిన్న పేచీ ఒకటుంది. ‘ఏ పార్టీకీ రాలేదు’ అనడం నిజమే, ‘ఎవరికీ రాలేదు’ అంటే మాత్రం అబద్ధమవుతుంది. మీ అమ్మాయి జాగ్రత్తగానే రాసింది.

నియోజకవర్గం లెక్క వేరు. గెలిచిన అభ్యర్థికీ రెండో స్థానంలో నిలిచిన అభ్యర్థికీ మధ్య ఓట్ల తేడాను మెజారిటీ అనడం మన విలేకరులు పొరపాటున పుట్టించినది కాదు. ఇంగ్లండులో ఈ రోజుకీ ఒక ఎంపీ మెజారిటీ ఎంత అంటే ఆ తేడానే చెబుతారు. మన ఎన్నికల పద్ధతి అక్కణ్నుంచి వచ్చింది, పద్ధతితోపాటు మాటా దిగింది. సగానికి మించితేనే మెజారిటీ అని పట్టుబట్టేది అమెరికావాళ్లు. వాళ్లు ఓట్ల తేడాను మార్జిన్ అంటారు. మన ఎన్నికల సంఘం ఫలితాల పట్టికలోనూ మార్జిన్ అనే ఉంటుంది. కానీ రచ్చబండ దగ్గర ‘మార్జిన్ ఎంతొచ్చింది?’ అని అడిగేవాడు కనిపించడు. ‘మెజార్టీ ఎంత?’ అనే అడుగుతారు. పొరుగున మలయాళంలో ‘భూరిపక్షం’ అన్న మాట కూడా ఇలాగే రెండు పనులూ చేస్తోంది. సభలో సగానికి మించినా అదే, అభ్యర్థికి వచ్చిన తేడా అయినా అదే.

రెండర్థాలూ కలగాపులగం కాకుండా తెలుగు వాక్యం తనంతట తానే ఒక ఏర్పాటు చేసుకుంది. మెజారిటీకి ముందు ఓట్ల సంఖ్య ఉండి, తర్వాత ‘తో’ వచ్చిందంటే అది తేడా: ‘5 లక్షల మెజారిటీతో గెలిచారు’. సంఖ్య లేకుండా, ‘కి’ తర్వాత వచ్చి, ‘వచ్చింది, రాలేదు, దక్కింది, తగ్గింది’ వంటి క్రియ పట్టుకుంటే అది సభ లెక్క: ‘పార్టీకి మెజారిటీ రాలేదు’. ఇంకో మాటకు ముందు విశేషణంలా కూర్చుంటే సగానికి పైగా అన్న అర్థం: ‘మెజారిటీ స్థానాలు’, ‘మెజారిటీ ప్రజలు’. ఎవరూ నేర్పకపోయినా ఈ పట్టింపు దాదాపు అందరి నోటా ఉంది.

చిక్కంతా మూడోదానితోనే. మీ జిల్లా ఫలితమే చూడండి. మహబూబ్‌నగర్‌లో డి.కె. అరుణ 4,500 ఓట్ల మెజారిటీతో గెలిచారు. దాన్ని ‘మెజారిటీ ఓటర్లు ఆమెకే ఓటేశారు’ అని మార్చి రాస్తే తప్పు. పోలైన ఓట్లు ముగ్గురి మధ్య చీలాయి. ఆమెకు వచ్చినవి సగానికి తక్కువే. మొదటి వాక్యంలో ఒప్పయిన మాట, రెండో వాక్యంలో లేని సంగతిని చెబుతుంది. విజేత సగం దాటనప్పుడు ‘ఎక్కువమంది’ అన్నా ఇబ్బందే. ‘అందరికంటే ఎక్కువ ఓట్లు వచ్చాయి’ అంటే సరిపోతుంది. నల్లగొండలో కుందూరు రఘువీర్‌రెడ్డికి సగానికి బాగా మించి వచ్చాయి గనక అక్కడ రెండు విధాలా రాయవచ్చు.

ఊళ్లలో ఈ మాట తీరు ఇంకా ముచ్చటగా ఉంటుంది. అక్కడ మెజారిటీ రావడం కాదు, ఇవ్వడం. ‘మా మండలం నుంచి ఐదువేల మెజార్టీ ఇస్తాం’ అని మండల నాయకుడు మాటిస్తాడు. ‘మా బూత్‌లో రెండొందలు ఇచ్చాం’ అని కార్యకర్త లెక్క చెబుతాడు. ఒక్కో లోక్‌సభ స్థానం కింద ఏడేసి అసెంబ్లీ సెగ్మెంట్లు ఉంటాయి గనక (ఆంధ్రప్రదేశ్‌లో 175కు 25, తెలంగాణలో 119కి 17), ఫలితం వచ్చిన రాత్రి ఏ సెగ్మెంట్ ఎంత ఇచ్చింది, ఎక్కడ మైనస్ అయింది అన్నదే చర్చ. ఇది ఏ నిఘంటువు నుంచీ ఎత్తుకున్న వాడుక కాదు, అచ్చంగా మన రాజకీయం కన్నది. ఈ ‘ఇచ్చాం’ నాకు భలే ఇష్టం.

మన సొంత మాట లేదా అంటే ఉంది, ‘తేడా’. కొన్నిచోట్ల మెజారిటీ కంటే అదే మేలు. 1989లో అనకాపల్లి నుంచి కొణతాల రామకృష్ణ తొమ్మిది ఓట్లతో లోక్‌సభకు గెలిచారు. దాన్ని ‘9 ఓట్ల మెజారిటీ’ అంటే వినసొంపుగానే ఉంటుంది. ‘9 ఓట్ల ఆధిక్యం’ అంటే మాత్రం ఎగతాళి చేసినట్టుంటుంది, ఎందుకంటే ఆధిక్యంలో గొప్ప అన్న ఛాయ ఉంది. ‘9 ఓట్ల తేడాతో’ అంటే ఏ పేచీ లేదు. పైగా తేడా గెలిచినవాడికీ ఓడినవాడికీ సమానంగా పనికొస్తుంది: ‘9 ఓట్ల తేడాతో ఓడిపోయారు’. మెజారిటీ గెలిచినవాడి ఆస్తి. అందుకే ‘భారీ మెజారిటీతో ఓడిపోయారు’ అని ఎక్కడైనా కనిపిస్తే ఎర్ర సిరా వాడండి, అభ్యంతరం లేదు.

ఆధిక్యానికి సరైన చోటు ఓట్ల లెక్కింపు. 2024 జూన్ 4న ఉదయం నుంచీ రౌండు రౌండుకూ మారుతూ వచ్చినది ఆధిక్యం. ‘పదో రౌండు ముగిసేసరికి 20 వేల ఆధిక్యంలో ఉన్నారు’ అంటే ఇంకా తేలలేదని పాఠకుడికి తెలిసిపోతుంది. గెలుపు ప్రకటించాక అదే మెజారిటీగా స్థిరపడుతుంది. విశాఖపట్నంలో శ్రీభరత్‌ది 5,04,247 ఓట్ల మెజారిటీ, ఆంధ్రప్రదేశ్‌లో ఆ ఎన్నికల్లో అదే పెద్దది. దాన్ని ఆధిక్యమన్నా నిఘంటువు ఒప్పుకుంటుంది. కానీ పత్రికలు ఒకదాన్ని నడుస్తున్న లెక్కకూ, రెండోదాన్ని ముగిసిన లెక్కకూ దాదాపుగా పంచిపెట్టాయి. ఇంత చక్కటి పంపకం దానంతటదే కుదిరినప్పుడు చెడగొట్టడం దేనికి? మీ దిద్దుబాటుతో నాకున్న మొదటి అభ్యంతరం ఇదే.

లెక్కింపు రోజున టీవీ తెర కింద పరుగెత్తే ‘వెనుకంజ’ గురించి కూడా, మీరు అడక్కపోయినా, ఒక మాట. ముందంజ అంటే ముందుకు వేసిన అడుగు, అది సరే. వెనుకంజ వేయడం అంటే జంకడం, తప్పుకోవడం. ఓట్లు తక్కువ వచ్చిన అభ్యర్థి జంకలేదు, తప్పుకోనూ లేదు, వెనకబడ్డాడు. ‘వెనకబడి ఉన్నారు’ అంటే చాలదా? తెర మీద చోటు చాలదంటారు. ‘వెనక’ అని ఒక అక్షరం మిగుల్చుకోవచ్చు.

ఇక ఆధిక్యత. సంస్కృతంలో ఒక గుణవాచకం నుంచి భావాన్ని చెప్పే నామవాచకం చేయడానికి ప్రధానంగా రెండు దారులున్నాయి. మాట చివర ‘త’ చేర్చడం ఒకటి: సమర్థ, సమర్థత, నిపుణ, నిపుణత, విశిష్ట, విశిష్టత. మొదటి అచ్చుకు వృద్ధి వచ్చి (అంటే ‘అ’ ‘ఆ’గా, ‘ఇ’ ‘ఐ’గా మారి) చివర ‘య’ చేరడం మరొకటి: సామర్థ్యం, నైపుణ్యం, వైశిష్ట్యం. ఏదో ఒక దారిలో వెళ్లాలి. అధిక శబ్దం రెండో దారిలో వెళ్లి ఆధిక్యం అయింది. ‘అ’ కాస్తా ‘ఆ’ కావడం, ‘క’ కింద యవత్తు రావడం దానికి గుర్తులు. దాని మీద మళ్లీ ‘త’ తగిలిస్తే అన్నం తిన్నాక మళ్లీ విస్తరి వేసినట్టు. సామర్థ్యత, సౌందర్యత, ఔదార్యత అని ఎవరూ అనరు, వింటేనే చెవికి గుచ్చుకుంటాయి. ప్రాధాన్యత, ప్రాముఖ్యత, ఆధిక్యత మాత్రం ఎందుకో గుచ్చుకోకుండా లోపలికి వచ్చేశాయి. ప్రాధాన్యతను ఇక బయటికి పంపడం నా వల్ల కాదు, ప్రభుత్వ ఉత్తర్వుల నుంచి పెళ్లి ప్రసంగాల దాకా పాతుకుపోయింది. దాన్ని వాడినవాళ్లను తప్పుపట్టడం మానేసి చాలాకాలమైంది. ఆధిక్యత అంతగా పాతుకోలేదు, ఆధిక్యం ఇంకా నలుగురి నోళ్లలోనూ ఉంది. కాబట్టి అక్కడ ఒప్పు రూపమే వాడదాం. ‘ఆత్మన్యూనత అంటున్నాం కదా, ఆధిక్యత ఎందుకు కాదు?’ అని మనవరాలు అడగవచ్చు. న్యూన అన్నది గుణవాచకం, దానికి ‘త’ చేరి న్యూనత అయింది. అది మొదటి దారి, చక్కగా ఉంది.

ఇప్పుడు అసలు చిక్కు, రాష్ట్రాల వారీ ఫలితాలు. మెజారిటీ అన్న మాట జారిపోయేది ఎక్కువగా ఇక్కడే. దేశం మొత్తానికి జరిగే ఎన్నికలో ఒక రాష్ట్రపు ఎంపీ స్థానాల్లో సగానికి మించి గెలిచినంత మాత్రాన ప్రభుత్వం ఏర్పడదు. 2024లో తెలంగాణలోని 17 స్థానాల్లో కాంగ్రెస్‌కు 8, బీజేపీకి 8, ఎంఐఎంకు 1 వచ్చాయి. 2019లో తొమ్మిది గెలిచిన బీఆర్‌ఎస్‌కు ఒక్కటీ రాలేదు. సగానికి మించాలంటే తొమ్మిది కావాలి, ఎవరికీ రాలేదు. అయినా ‘తెలంగాణలో హంగ్’ (ఎవరికీ మెజారిటీ లేని త్రిశంకు సభ) అని ఎవరూ శీర్షిక పెట్టలేదు. అక్కడ కొలువు తీరాల్సిన సభ లేదు గనక త్రిశంకుడికీ చోటు లేదు.

ఆంధ్రప్రదేశ్ పరిస్థితి ఇంకా ఇరకాటం. అక్కడ అసెంబ్లీకీ లోక్‌సభకూ 2024 మే 13న ఒకేసారి పోలింగ్ జరిగింది, ఫలితాలూ ఒకే రోజున వచ్చాయి. ‘రాష్ట్రంలో టీడీపీకి మెజారిటీ వచ్చింది’ అని రాస్తే ఏ సభ సంగతి? అసెంబ్లీలో 175కు 135 వచ్చాయి, అది ప్రభుత్వాన్నిచ్చిన మెజారిటీ. లోక్‌సభకు 25లో 16 వచ్చాయి. అవి మెజారిటీ స్థానాలే గానీ ఢిల్లీలో మెజారిటీ కాదు, అక్కడ కూటమి మెజారిటీకి ఊతం. మిగతావాటిలో వైసీపీకి 4, బీజేపీకి 3, జనసేనకు 2. ఇలాంటి చోట ‘మెజారిటీ’ని వదిలేసి ‘25 లోక్‌సభ స్థానాల్లో 16 గెలిచింది’ అని అంకె చెప్పడం ఉత్తమం.

రాష్ట్రం ఒకవైపు, దేశం మరోవైపు మొగ్గిన సంవత్సరాల గురించి రాసేటప్పుడు ఈ జాగ్రత్త మరీ అవసరం. 1977లో దేశంలో జనతా పార్టీకి మెజారిటీ వచ్చింది, ఉమ్మడి ఆంధ్రప్రదేశ్‌లోని 42 స్థానాల్లో మాత్రం కాంగ్రెస్ 41 గెలిచింది. జనతాకు దక్కిన ఆ ఒక్కటీ నంద్యాల, గెలిచినవారు నీలం సంజీవరెడ్డి. 1984లో కథ తిరగబడింది. దేశమంతటా కాంగ్రెస్ 400 దాటిపోగా ఇక్కడ తెలుగుదేశం 30 గెలిచింది. రాష్ట్రంలో మెజారిటీ స్థానాలు గెలిచిన ఆ పార్టీ లోక్‌సభలో ప్రధాన ప్రతిపక్షమైంది. ఈ వాక్యంలో ‘స్థానాలు’ అన్న మాట తీసేసి చూడండి, అర్థం ఎలా తూలుతుందో.

మీరు అడిగిన రెండర్థాలూ ఒకే మనిషి దగ్గర కలిసిన సందర్భమూ ఉంది. అదీ నంద్యాలే. 1991 జూన్‌లో పి.వి. నరసింహారావు ప్రధాని అయ్యేనాటికి పార్లమెంటు సభ్యులు కారు, కాంగ్రెస్‌కు లోక్‌సభలో మెజారిటీ లేదు. నంద్యాల ఉపఎన్నికలో, తెలుగుదేశం అభ్యర్థిని నిలపకపోగా, ఆయన 5.80 లక్షల పైచిలుకు మెజారిటీతో గెలిచారు. ‘అంత మెజారిటీతో గెలిచిన ప్రధానికి సభలో మెజారిటీ లేదు’ అని రాస్తే తెలుగు చదువరి ఎక్కడా తడబడడు. మనవరాలి రెండు పేరాలనూ ఉంచమన్నది అందుకే.

వ్యాసంలో ఎక్కడైనా రాజ్యాంగ సవరణ ప్రస్తావన ఉంటే ఆ వాక్యాన్ని మాత్రం ఒకసారి సరిచూడండి. కావలసింది ‘మూడింట రెండు వంతుల’ మెజారిటీ. పిల్లలేమిటి, పెద్ద పెద్ద వక్తలు కూడా ‘రెండింట మూడొంతుల’ అంటుంటారు. రెండులో మూడు ఎక్కణ్నుంచి తెస్తారు?

‘మెజార్టీ’ సంగతి. మాట్లాడేటప్పుడు నడిమి అచ్చును మింగడం మన అలవాటు, కాబట్టి పలుకుబడిలో అది సహజమే. సంభాషణ రాస్తున్నప్పుడు, ఊరి నాయకుడి మాట ఉటంకించేటప్పుడు ‘మెజార్టీ’ అనే రాయాలి కూడా. వ్యాసభాషలో ‘మెజారిటీ’ ఉంచమనండి. శీర్షికలో అక్షరాలు పట్టకపోతే ఆ అమ్మాయి ఇష్టం.