బొటానికల్ గార్డెన్‌లో ఉద్యోగమంటే మొక్కలకు నీళ్లు పోయడమేనా?

ప్రశ్న: మాది రైల్వే కోడూరు దగ్గర పల్లె. నాలుగెకరాల మామిడి తోట ఉంది. పాప ఇంటర్ బైపీసీ పూర్తి చేసింది. నీట్‌లో సీటు వచ్చే ర్యాంకు రాలేదు. లాంగ్ టర్మ్ కోచింగ్‌కు వెళ్లమంటే వద్దంటోంది. బోటనీ చదివి బొటానికల్ గార్డెన్‌లో పనిచేస్తుందట. ఇంటి ముందు వేపచెట్టు ఎండిపోతుంటే కొమ్మలు చీల్చి చూస్తూ కూర్చునే రకం. తోటపనికి డిగ్రీ ఎందుకని చుట్టాలు నవ్వుతున్నారు. మాకు టెన్షన్‌గా ఉంది. ఇందులో భవిష్యత్తు ఉందా? – ఒక తండ్రి

జవాబు: చుట్టాల సంగతి పక్కన పెట్టండి. వాళ్లు చెప్పేది పార్కు గురించి. బొటానికల్ గార్డెన్‌లో ప్రతి మొక్కకూ ఒక రికార్డు ఉంటుంది. ఏ అడవి నుంచి వచ్చింది, ఎవరు ఎప్పుడు తెచ్చారు, శాస్త్రీయ నామం ఏమిటి, ఇప్పుడు ఎలా ఉంది అన్నీ అందులో రాస్తారు.

అదెందుకో మీ కొండల సంగతే చూస్తే తెలుస్తుంది. ఎర్రచందనం సహజంగా పెరిగేది ప్రధానంగా శేషాచలం, దాని చుట్టుపక్కల కొండల్లోనే. సైకస్ బెడ్డోమి అనే మొక్క పరిస్థితి ఇంకా సున్నితం. ఆ కడప, తిరుమల కొండలు దాటితే అది ప్రపంచంలో ఏ అడవిలోనూ లేదు. రేపు అక్కడ కార్చిచ్చో కొత్త తెగులో వస్తే ఏం మిగులుతుంది? అందుకని ఇలాంటివాటిని వేరే చోట్ల కూడా పెంచి ఉంచుతారు. అలాగని ఒకే తల్లిచెట్టు గింజలతో వంద మొక్కలు పెంచితే సరిపోదు. ఒకదానికి పట్టిన తెగులు అన్నింటినీ పట్టే ప్రమాదం ఎక్కువ. వేర్వేరు చోట్ల, వేర్వేరు చెట్ల నుంచి గింజలు సేకరించాలి. ఆ లెక్క చూసుకోవడానికే రికార్డు. 2017లో వచ్చిన ఒక అధ్యయనం ప్రకారం తెలిసిన మొక్క జాతుల్లో దాదాపు 30 శాతం, ముప్పులో ఉన్నవాటిలో 41 శాతం ప్రపంచంలోని బొటానికల్ గార్డెన్లలో ఉన్నాయి.

గింజలు దాచిపెడితే చాలదా అని మీరు అడగొచ్చు. చాలా జాతులకు చాలు. ఇంగ్లండ్‌లో క్యూ గార్డెన్స్ అనే పేరున్న బొటానికల్ గార్డెన్ నడిపే మిలీనియం సీడ్ బ్యాంకులో గింజలను బాగా ఆరబెట్టి, మైనస్ 20 డిగ్రీల చలిలో ఉంచుతారు. కానీ మీ మామిడి టెంకను అలా ఆరబెట్టి చూడండి, చచ్చిపోతుంది. పనస, నేరేడు కూడా అంతే. ఇలాంటివాటిని ప్రధానంగా చెట్లుగానే కాపాడుకోవాలి. చెట్టుగా కాపాడాలంటే దాని ఆరోగ్యం చూసే మనిషి కావాలి.

మీ పాపకు నచ్చేది బహుశా ఈ చివరి పనే. కొన్నేళ్ల కిందట రెండు తెలుగు రాష్ట్రాల్లోనూ వేపచెట్లు కొసల నుంచి ఎండుతూ వచ్చాయి గుర్తుందా? ఫోమాప్సిస్ అనే శిలీంధ్రం, దానికి తోడు రసం పీల్చే టీ దోమ కారణమని శాస్త్రవేత్తలు తేల్చారు. గార్డెన్లలో ఇలాంటి నిఘా రోజువారీ పని. కలకత్తా పక్కన హౌరాలోని బొటానికల్ గార్డెన్ 1787లో మొదలైంది. అక్కడి మహా మర్రికి తుపానుల్లో దెబ్బ తగిలి, తర్వాత శిలీంధ్రం పట్టింది. 1925లో మొదటి మాను మొత్తం తీసేశారు. చెట్టు ఇప్పటికీ ఊడల మీదే బతుకుతోంది.

ఇప్పుడు దేశాల మధ్య కూడా ఒక ఏర్పాటు ఉంది. మన దేశపు చెట్టు విదేశీ గార్డెన్‌లో పెరుగుతుంటే, అక్కడ దాన్ని ఏ పురుగు, ఏ తెగులు పడుతున్నాయో అక్కడివాళ్లు గమనించి తెలియజేస్తారు. ఆ పురుగు మన దేశానికి రాకముందే మనకు హెచ్చరిక అందుతుందన్న మాట. అయితే గార్డెన్ల వల్ల అన్నీ మేళ్లే జరగలేదు. మన అడవులను కమ్మేసిన లాంటానా, అదే తలంబ్రాల చెట్టు, 19వ శతాబ్దం మొదట్లో ఆ హౌరా గార్డెన్‌కే అందం కోసం తెచ్చింది. అందుకే ఇప్పుడు కొత్త మొక్క వస్తే ముందు క్వారంటైన్‌లో పెట్టాలంటారు.

ఇక ఉద్యోగాలు. దాచకుండా చెబుతాను, గార్డెన్ల పోస్టులు తక్కువ. బొటానికల్ సర్వే ఆఫ్ ఇండియా (హైదరాబాద్‌లో దీని ప్రాంతీయ కేంద్రం ఉంది), లక్నోలోని జాతీయ వృక్షశాస్త్ర పరిశోధన సంస్థ (ఎన్‌బీఆర్‌ఐ), కేరళలో పాలోడ్ దగ్గరి ట్రాపికల్ బొటానిక్ గార్డెన్ ప్రధానమైనవి. నోటిఫికేషన్లు ఏటా రావు. అందుకే 'గార్డెన్‌లో ఉద్యోగం' అని కాక, అక్కడ పనికొచ్చే ఒక నైపుణ్యం పట్టుకోమనండి.

మీ పాప విషయంలో నా ఓటు బీఎస్సీ అగ్రికల్చర్ లేదా హార్టికల్చర్‌కే. ఆపైన ఎమ్మెస్సీ ప్లాంట్ పాథాలజీ, అంటే మొక్కల రోగాల శాస్త్రం. తిరుపతిలో ఎస్వీ వ్యవసాయ కళాశాల ఉంది. హార్టికల్చర్ కళాశాల మీ పక్కనే, అనంతరాజుపేటలో. ఈ దారిలో వెళ్తే గార్డెన్ పోస్టు రాకపోయినా మొక్కల క్వారంటైన్ స్టేషన్లు, వ్యవసాయ పరిశోధన సంస్థలు, విత్తన కంపెనీలు ఉంటాయి. మొక్కల ఆరోగ్యం కోసమే పనిచేసే జాతీయ సంస్థ ఎన్‌ఐపీహెచ్‌ఎం హైదరాబాద్ రాజేంద్రనగర్‌లో ఉంది. ఇలాంటి చోట్ల చాలా పోస్టులకు వ్యవసాయ డిగ్రీ అడుగుతారు. సాధారణ బోటనీ డిగ్రీతో అక్కడ ఇబ్బంది పడినవాళ్లను చూశాను.

ఆమెకు రోగం కన్నా మొక్కను గుర్తుపట్టి పేరు చెప్పడం మీదే మనసుంటే మాత్రం బోటనీయే సరైనది. డిగ్రీ, పీజీ, ఆపైన సీఎస్‌ఐఆర్ నెట్ అనే జాతీయ పరీక్షలో జేఆర్‌ఎఫ్ (పరిశోధన చేసేవాళ్లకిచ్చే జూనియర్ ఫెలోషిప్) తెచ్చుకుంటే నెలకు 37,000 రూపాయల ఫెలోషిప్‌తో పీహెచ్‌డీ చేయొచ్చు. స్థిరమైన ఉద్యోగానికి ముప్పై ఏళ్లు దాటొచ్చు. ఆ ఓపిక ఇంట్లో అందరికీ ఉండాలి.

లాంగ్ టర్మ్‌కు బలవంతం చేయకండి. ఈఏపీసెట్ రాసి ఉంటే అగ్రికల్చర్, హార్టికల్చర్ కౌన్సెలింగ్ నోటిఫికేషన్ విడిగా వస్తుంది, చూస్తూ ఉండండి. మీది రైతు కుటుంబం కాబట్టి రైతు కోటా నిబంధనలు చదివి, పొలం పాస్‌బుక్కు, పాప చదివిన బడుల స్టడీ సర్టిఫికెట్లు ఇప్పుడే తీసి పెట్టుకోండి. ఈలోగా ఒకరోజు ఎస్వీ యూనివర్సిటీ బోటనీ విభాగానికి తీసుకెళ్లి, అనుమతి అడిగి, హెర్బేరియం చూపించండి. ఎండబెట్టి అతికించిన ఆ మొక్కల దగ్గర ఆమె ఎక్కువసేపు ఆగుతుందో, మీ తోటలో మచ్చలు పడిన మామిడాకు దగ్గర ఆగుతుందో గమనించి మళ్లీ రాయండి. ఆప్షన్లు ఏ వరుసలో పెట్టాలో అప్పుడు చెబుతాను.