లిబర్టీ సిటీ స్టోరీస్ పీఎస్పీలో ఆడాలా, పీఎస్2లో ఆడాలా?

పీఎస్పీలోనే ఆడండి, అంటే సోనీ వాళ్ళ చేతిలో పట్టుకుని ఆడే గేమ్ మెషీన్లో. పీఎస్2 టీవీకి తగిలించి ఆడేది. రెండిట్లోనూ చివరిదాకా ఆడాకే చెబుతున్నాను. 2005 అక్టోబర్‌లో ఈ గేమ్ వచ్చిందే పీఎస్పీ కోసం, మరుసటి ఏడాది జూన్‌లో దాన్నే పీఎస్2కి మార్చి అమ్మారు.

2012 ఎండాకాలం గుంటూరులో మా పెద్దమ్మ వాళ్ళింట్లో ఉన్నాను. కరెంటు కోతలు ఎప్పుడు పడతాయో తెలియని రోజులవి. అన్నయ్య టీవీ ముందు పీఎస్2తో, నేను పక్కనే చాప మీద పీఎస్పీతో, ఇద్దరం ఇదే గేమ్ ఆడుతున్నాం. అన్నయ్య వరసగా రెండు మిషన్లు (గేమ్ అప్పజెప్పే పనులు) కొట్టి సేవ్ చేసుకోవడానికి ఇంటికి కారు తోలుతున్నాడు (గేమ్‌లో మన ఇంటికి చేరితే తప్ప సేవ్ అవ్వదు), ఇంకొక్క మలుపు తిరిగితే చాలు, సరిగ్గా అప్పుడే కరెంటు పోయింది. ఫ్యాను చప్పుడు తగ్గుతూ తగ్గుతూ ఆగిపోయినా అన్నయ్య కంట్రోలర్ వదల్లేదు. ఆ చీకట్లో వెలుగుతున్నది నా చేతిలోని 4.3 అంగుళాల తెర ఒక్కటే. "ఇటివ్వరా కాసేపు" అన్నాడు. డాబా మీదకెళ్ళి మిషన్‌కొకరం చొప్పున వంతులేసుకుని ఆడాం. మధ్యలో పెద్దమ్మ అన్నానికి పిలిస్తే పీఎస్పీ పక్కనున్న స్విచ్ పైకి నెట్టాను, ఆకుపచ్చ లైటు మిణుకుమిణుకుమని ఆరిపోయింది. తినొచ్చి మళ్ళీ నెడితే గేమ్‌లో హీరో టోనీ అదే వీధిలో, అదే కారులో ఉన్నాడు. ఈ సౌకర్యం పీఎస్2లో ఏది?

వీడియోల్లో రెండు బొమ్మలూ పక్కపక్కన పెట్టి, పీఎస్2లో దూరపు బిల్డింగులు బాగా కనిపిస్తాయని తీర్పు చెప్పేవాళ్ళను చూస్తే నాకు ఒళ్ళు మండుతుంది. పీఎస్పీలో ఆరుగురి దాకా వైర్‌లెస్‌లో కలిసి ఆడొచ్చు, పీఎస్2లో ఆ మల్టీప్లేయర్ మొత్తం తీసేశారు. దాని ఊసే ఎత్తరు! హాస్టల్లో నేనూ నా రూమ్మేటూ ఎదురెదురు మంచాల మీద కూర్చుని ఒకర్నొకరు కాల్చుకున్న రాత్రులు పీఎస్2 ఎలా ఇస్తుంది?

కెమెరా, అంటే గేమ్‌లో మనం చూసే కోణం తిప్పుకునే విషయంలో మాత్రం పీఎస్2దే పైచేయి, ఒప్పుకుంటాను. దానికి బొటనవేలితో తిప్పే రెండో స్టిక్ ఉంది. పీఎస్పీలో చుట్టూ చూడాలంటే ఎల్ బటన్ నొక్కిపట్టి ఉన్న ఒక్క స్టిక్కే తిప్పాలి, మొదటి వారం బొటనవేలు నొప్పి పుడుతుంది. తర్వాత అలవాటైపోతుంది.

పీఎస్పీ సెకండ్‌హ్యాండ్‌లో కొంటే మాత్రం వెనక మూత తీయించి బ్యాటరీ ఉబ్బిందేమో చూడండి. నాకు అమ్మినతను "కొత్తదే అండీ" అన్నాడు, ఇంటికొచ్చి చూస్తే మూత సరిగా పట్టనే లేదు.