సమాధానం: నెలసరి మీద తీసిన సినిమా యూట్యూబ్‌లో ఎవరికీ కనబడట్లేదు

ఏజ్ రెస్ట్రిక్షన్ పడుంటుందండి. అది పడితే లాగిన్ అవ్వనోళ్లకి ప్లే అవ్వదు, 18 నిండనోళ్లకీ రాదు, అమలాపురం కాలేజీ పిల్లలకి లింక్ పంపినా సగం మంది చూడలేరు.

1. యూట్యూబ్ స్టూడియోలో (మీ ఛానల్ వీడియోలు చూసుకునే పేజీ) కంటెంట్‌కెళ్లి రెస్ట్రిక్షన్స్ కాలమ్ చూడండి.

2. అందరూ మిస్సయ్యేది ఇదే: అది యూట్యూబ్ పెట్టిందా, మీరే పెట్టుకున్నారా? మన కోనసీమలో ఇంట్లో ఈ మాటెత్తడానికే జంకుతాం కదా, ఆ జంకుతోనే అప్‌లోడప్పుడు 18 ప్లస్ టిక్ కొట్టేస్తారు (బూతు సినిమా కాదు కదండీ బాబూ). మీరు పెట్టిందైతే మీరే తీసేయొచ్చు.

3. వాళ్లు పెట్టిందైతే అప్పీల్ ఒక్కసారే, కోపంలో నొక్కేయకండి, ఏ సీన్ ఎందుకుందో ముందు రాసుకుని పంపండి.

యూట్యూబ్ కాదని నెట్‌ఫ్లిక్స్‌కి ఇద్దామనుకుంటే, నేరుగా మెయిల్ పెట్టి కూర్చోకండి, ఏజెంట్ లాంటోళ్ల ద్వారా వస్తేనే చూస్తారు.