పాస్‌పోర్టు ఫారం నింపే ముందు ఇంటిపేరు సంగతి తేల్చుకోండి

సంక్రాంతికి ఒడిశాలో ఉన్న మా బరంపురం వచ్చాను. పండగ పూట మా మేనల్లుడు పాస్‌పోర్టు ఫారం ముందేసుకుని కూర్చున్నాడు. అమెరికాలో ఎం.ఎస్.కి ప్రయత్నిస్తున్నాడు. "మావయ్యా, సర్‌నేమ్ గడిలో మా ఇంటిపేరు రాయాలా, చివరున్న రావు రాయాలా?" అని అడిగాడు.

బరంపురం, పర్లాకిమిడి, గుణుపురం, రాయగడ వైపు నుంచి బయటికి వెళ్లే పిల్లలు నన్ను ముందుగా అడిగేది ఇదే. ఇరవై నాలుగేళ్లుగా న్యూజెర్సీలో ఉంటున్నాను. ఈ ఒక్క గడి తప్పు నింపి నేను పడ్డ అవస్థ మీరు పడకూడదు.

మా ఇంటిపేరు అంపోలు. అది శ్రీకాకుళం దగ్గర ఒక ఊరు, మా పెద్దలు అక్కణ్నించే వచ్చారు. బడి రిజిస్టరులో మాస్టారు 'ఎ. కూర్మారావు' అని వేశారు, సర్టిఫికెట్‌లోకీ అదే ఎక్కింది. పాస్‌పోర్టులో పొడి అక్షరాలు పనికిరావు, విప్పి రాయాలి. నా ఫారం నింపిన ఏజెంటు 'ఎ' ఎగరగొట్టి, కూర్మాను పేరు గడిలో, రావును సర్‌నేమ్ గడిలో వేశాడు. సంతకం పెట్టే తొందరలో నేనూ చూసుకోలేదు. ఆ రోజు నుంచి ఆఫీసులో, బ్యాంకులో, డ్రైవింగ్ లైసెన్సులో నేను మిస్టర్ రావుని. మా తమ్ముడు మాత్రం అంపోలు అనే రాయించుకున్నాడు. వాడికి గ్రీన్‌కార్డు పిటిషన్ వేసినప్పుడు మేమిద్దరం ఒక తల్లి బిడ్డలమేనని చూపించడానికి ఎన్ని కాగితాలు, ఎన్ని అఫిడవిట్లు, ఎంత టెన్షన్! దానికంటే ఎక్కువ బాధ మా అమ్మాయి అడిగిన మాటకి కలిగింది. "బాబాయి వాళ్లది అంపోలు ఊరట కదా నాన్నా, మరి మన రావు ఏ ఊరు?" అంది. దానికప్పుడు పదేళ్లు.

రావు ఊరు కాదు, ఇంటిపేరూ కాదు. రాయ, రాజు అన్న మాటలకు చుట్టం. గౌరవానికి పేరు చివర చేరిన మాట. నాయుడు అంటే నాయకుడు. పాత్రుడు అంటే రాజుగారి కొలువులో ఉండే మంత్రి లాంటివాడు. అదే పాత్ర ఒడియా నోట పాత్రో అవుతుంది, ఎందుకంటే ఒడియాలో 'అ' పలకడం 'ఒ'కి దగ్గరగా ఉంటుంది. ఇవన్నీ వందల ఊళ్లలో వేల కుటుంబాలు పంచుకునే మాటలు. మీ ఇంటిని మరో ఇంటి నుంచి విడదీసి చెప్పేది ఇంటిపేరు ఒక్కటే. మన దగ్గర అది ముందుంటుంది, అమెరికా లాంటి దేశాల్లో చివరి మాటనే ఇంటిపేరనుకుంటారు. చిక్కంతా అక్కడే.

మన బరంపురంలో 1894లో పుట్టి రాష్ట్రపతి అయిన వి.వి. గిరిగారి సంగతే చూడండి. ఆయన ఇంటిపేరు వరాహగిరి, పూర్తి పేరు వరాహగిరి వెంకటగిరి. తండ్రి వరాహగిరి వెంకట జోగయ్య పంతులు. లోకానికి గిరి అన్న చివరి మాటే తెలిసింది, జాతీయ మహిళా కమిషన్‌కు అధ్యక్షత వహించిన ఆయన కోడలు మోహినీ గిరి అయ్యారు. ఒక్క తరంలో పేరు ఇంటిపేరైపోయింది. పర్లాకిమిడిలో బడిపంతులుగా ఉండి సవర భాష నేర్చుకున్న గిడుగు రామమూర్తిగారిని మాత్రం ఇప్పటికీ గిడుగువారనే అంటాం. గిడుగంటే వానలో తలమీద వేసుకునే ఆకుల గొడుగు. ఎంత చక్కటి ఇంటిపేరు!

మన వైపు పిల్లలకు ఇంకో చిక్కుంది. ఒడియాలో 'వ' ఉన్నచోట 'బ' పలుకుతారు. మా నాన్న పేరు పాత భూమి దస్తావేజులో వైకుంఠం, రేషన్ కార్డులో బైకుంఠ. ఇంగ్లీషులోకి వచ్చేసరికి ఒకచోట 'వి', ఒకచోట 'బి'. పాస్‌పోర్టు ఫారంలో అమ్మానాన్నల పేర్లు కూడా రాయాలి కాబట్టి, మీ ఫారం కంటే ముందు వాళ్ల ఆధార్‌లో పేర్లు సరిచేయించండి. పాస్‌పోర్టు చేతికొచ్చాక మార్చుకోవడం చాలా కష్టం, వీసా పడ్డాక మరీ కష్టం.

సర్‌నేమ్ గడి ఖాళీగా వదిలేస్తే ఏమవుతుందని కొందరు అడుగుతారు. అలా వదలకండి. అమెరికా వీసాలో మీ పేరంతా తీసుకెళ్లి ఇంటిపేరు చోట వేసి, పేరు ఉండాల్సిన చోట 'ఎఫ్.ఎన్.యు.' అని కొడతారు, పేరు తెలియదని దాని అర్థం. గల్ఫ్ వెళ్లేవాళ్లకు ఇంకా ముఖ్యం. ఒకే పేరున్న పాస్‌పోర్టుతో విజిట్ వీసా మీద రానివ్వబోమని 2022 నవంబరులో యూఏఈ చెప్పింది.

మరో మాట. మన పేర్లు మోటుగా ఉన్నాయని వెళ్లే ముందు మార్చుకోవాలని చూసే పిల్లలున్నారు. అప్పలనాయుడులో ఉన్నది సింహాచలం అప్పన్న. నా పేరులో శ్రీకూర్మం స్వామి ఉన్నాడు. ముఖలింగం అన్న పేరు వంశధార ఒడ్డున ఉన్న గుడి నుంచి వచ్చింది. సింహాచలం అని ఆడవాళ్లకూ పెడతారు, మగవాళ్లకూ పెడతారు, అది కొండ పేరు కాబట్టి. మా తాత పేరు పెంటయ్య. ముందు పుట్టిన పిల్లలు దక్కకపోతే, పుట్టిన బిడ్డను పెంటకుప్ప మీద పెట్టి తీసుకుని, ఈ బిడ్డయినా దక్కాలని ఆ పేరు పెట్టేవారు. మా ముత్తవ్వ ఎంత ఏడ్చి పెట్టుకుందో ఆ పేరు! అక్కడి వాళ్లకు పలకడం రాకపోతే రెండుసార్లు నిదానంగా చెప్పండి, నేర్చుకుంటారు. మా ఆఫీసులో కూర్మా అని చక్కగా పిలుస్తారు.

మా మేనల్లుడికీ ఇదే చెప్పాను. సర్‌నేమ్ గడిలో ఇంటిపేరు, పేరు గడిలో మిగతా పేరంతా, రావుతో సహా. వాడు పెన్ను పట్టుకుని ఆగాడు. ఇంటిపేరు తన సర్టిఫికెట్‌లో ఒకలా, అక్క సర్టిఫికెట్‌లో ఇంకోలా ఉందట. రేపు పొద్దున్న వాళ్ల నాన్నమ్మ దగ్గరికి వెళ్లి, ట్రంకుపెట్టెలో ఉన్న పాత దస్తావేజులో ఎలా రాశారో చూసొస్తానన్నాడు.